ఎడమచేతి చుట్టు

2-11-98, సోమవారం

పంతొమ్మిదేళ్లు సుద్దపొడి మింగాక ఇవాళ తెలిసింది, నాకు పాఠం చెప్పడం రాదట. ఆ మాట చెప్పినవాడికి మీసం కూడా సరిగా రాలేదు. హైదరాబాద్ నుంచి వచ్చాడు. నిజామాబాద్ చుట్టుపక్కల ఇంగ్లీషు టీచర్లందరినీ పోగుచేసి, శిక్షణ అని చెప్పి, బడిపిల్లల్లా కింద కూర్చోబెట్టాడు. వ్యాకరణం తర్వాతట. ముందు ‘టాస్క్’ అట. పిల్లలకు నిజమైన పని ఒకటి ఇవ్వాలి, ఆ పని పూర్తి కావాలంటే మాటలు కావాలి, ఆ అవసరమే భాష నేర్పుతుంది. ఇంతవరకు బాగానే ఉంది. ఒళ్లు మండింది ఎక్కడంటే, పిల్ల ‘టాట్’ అనాల్సిన చోట ‘టీచ్డ్’ అని తప్పు పలికితే వెంటనే దిద్దకూడదట! అర్థం నడుస్తోంది కదా, నడవనివ్వండి అన్నాడు.

నేను లేచాను. “పేపర్లు దిద్దేవాళ్లు గూడ నడవనిస్తరా సార్?” అన్నాను. అందరూ నవ్వారు. అతనూ నవ్వాడు. నేను నవ్వలేదు.

‘టీచ్డ్’ అట, ‘టీచ్డ్’! నా క్లాసులో ఆ మాట అన్న పిల్లతో పాతికసార్లు సరైన మాట రాయిస్తాను నేను.

5-11-98

ఇవాళ ‘ఖాళీ’ గురించి చెప్పాడు. ఒకరికి తెలిసింది ఇంకొకరికి తెలియకుండా ఉండాలి, ఆ ఖాళీ నింపడానికే మనిషి మాట్లాడతాడు అన్నాడు. “మీరు పెన్ను ఎత్తి చూపించి ‘వాట్ ఈజ్ దిస్’ అంటారు. అది పెన్నని మీకు తెలుసు, పిల్లకీ తెలుసు. మరి ఎందుకడిగారు మేడం?” అని నన్నే చూసి అడిగాడు.

పంతొమ్మిదేళ్లుగా నేను అడిగింది ఆ ప్రశ్నే. బస్సులో కూర్చున్నాక కూడా కోపం తగ్గలేదు. అతని మీదా, నా మీదా అని తేల్చుకునేలోగా మా స్టాపు వచ్చింది.

16-11-98, సోమవారం

మా హెడ్మాస్టర్ రాజనర్సు గారు మాత్రం ఎందుకు వెనకబడాలి? ఆయనకూ మూడు రోజులు నాయకత్వం మీద శిక్షణ అయింది. స్టాఫ్ రూములో చార్టు వేలాడదీశాడు. ఒక గీత పని మీద శ్రద్ధకు, ఇంకో గీత మనుషుల మీద శ్రద్ధకు. ఒక్కోదానికి తొమ్మిది మార్కులు. “నాది రెండిట్ల తొమ్మిది తొమ్మిది” అని తన మార్కులు తానే వేసుకున్నాడు. పక్కన మెట్ల బొమ్మ ఒకటి. మనిషికి మొదట తిండి, తర్వాత భద్రత, తర్వాత గౌరవం, ఆ పైన ఇంకేదో. పదో తరగతిలో మంచి ఫలితాలు తెచ్చిన టీచర్‌కు మెమెంటో ఇస్తాడట. దాని పేరు ప్రేరణ అట.

పిల్లలు నీళ్లు తాగే కుండ పగిలి నెలయింది. కొత్త కుండ కొనడానికి ఆయనకు ఏ చార్టూ ప్రేరణ ఇవ్వలేదు.

20-11-98

సరే, అతని పద్ధతి తప్పని నిరూపించడానికైనా ఒకసారి చేసి చూద్దామనుకున్నాను. పదో తరగతి బి సెక్షను. మా బడి బోధన్ రోడ్డు మీదే కాబట్టి ఈ కాలమంతా చెరకు ట్రాక్టర్లు పోతూనే ఉంటాయి, మగపిల్లల కళ్లు కిటికీలోంచి వాటి వెంటే పోతుంటాయి. ఇవాళ మాత్రం ఎవరూ కిటికీ వైపు చూడలేదు.

“నాకు రాని పని ఏదైనా ఒకటి నాకు నేర్పాలి. ఇంగ్లీషుల చెప్పి నేర్పాలి. చేతులు వెనక్కి కట్టుకోవాలి, చేసి చూపెట్టొద్దు. అదీ టాస్క్” అన్నాను.

గంగామణి లేచింది. నాలుగో వరసలో కూర్చుని, ఏడాదిలో నాలుగు మాటలు మాట్లాడని పిల్ల. “టాస్కంటే పనా మేడం?”

“పనే.”

“మా పనా?”

“మీ పనే.”

ఆడపిల్లలందరూ ఒకరి మొహాలొకరు చూసుకుని ఒక్కసారే అరిచారు, “బీడీలు!”

ముగ్గు అంటారనుకున్నాను, రొట్టె అంటారనుకున్నాను. నాదే బుద్ధి తక్కువ. ఇక్కడి ఆడపిల్ల ‘పనికి కూసుంటున్న’ అంటే ఒళ్లో చాట పెట్టుకుని బీడీలకు కూర్చోవడమే. ఇంట్లో చేసే మిగతావి వీళ్ల లెక్కలో పని కావు.

“మేడం, మీకు బీడీలు చేసుడు వస్తదా?” అని అడిగింది గంగామణి.

“రాదు” అన్నాను. రాదు కాబట్టే టాస్క్ కుదిరింది. మాది మాక్లూర్, వ్యవసాయం. నాకు బీడీల సంగతి ఏం తెలుసు?

24-11-98

ఒప్పుకోక తప్పడం లేదు. ఎప్పుడూ నోరు విప్పనివాళ్లు ఇవాళ నా మీద పడి అడిగారు. తునికాకును ఏమంటారు, దారం కట్టడం ఎట్లా చెప్పాలి, తంబాకు ఎక్కువైందని ఎట్లా చెప్పాలి? అన్నీ నిజమైన ప్రశ్నలే. ఒకదానికి నా దగ్గర జవాబు లేదు. బీడీ చుట్టాక మూతి ముడవడాన్ని ఏమనాలి? ‘క్లోజ్ ద మౌత్’ అనండి అన్నాను.

“అట్లంటె మమ్ముల నోర్లు మూయుమన్నట్టున్నది మేడం” అంది గంగామణి. క్లాసంతా పగలబడి నవ్వింది, నేనూ నవ్వాను. ఈ గదిలో ఎన్నాళ్లకు నవ్వానో.

27-11-98, శుక్రవారం

క్లాసు బాగా జరిగింది.

తలనొప్పి. ఆకు వాసన పడదు నాకు.

28-11-98

హెడ్మాస్టర్ పిలిపించాడు. నిన్న క్లాసు కాగానే తంబాకు వాసన పట్టుకుని గదిలోకి వెళ్లాడట. చాట, కత్తెర, ఆకు, పిల్లలు చేసిన ఏడు బీడీలు అన్నీ తీసుకెళ్లి టేబులు మీద పరిచాడు.

“బడిని కార్ఖానా జేసిండ్రా మేడం? పిల్లలతోని బీడీలు చేపియ్యద్దని సర్క్యులర్ వచ్చి పదిరోజులు గాలేదు. డిప్యూటీ ఈవో సారు తనిఖీకి వస్తుండు. నా ఇజ్జత్ ఏం గావాలె?”

టాస్క్ గురించి చెప్పబోయాను. “నాకు జెప్తరా టాస్క్? నాది తొమ్మిది” అన్నాడు. నిజంగానే అన్నాడు. స్టాఫ్ రూములో ఉన్న చార్టు వైపు చెయ్యి కూడా చూపించాడు.

ఏడు బీడీల్లో ఆరు వంకరటింకరవి. నేర్చుకోవడానికి కూర్చున్న మగపిల్లలవి. ఒకటి మాత్రం సాఫుగా, నిండుగా ఉంది. దాన్ని వేళ్లతో ఎత్తి చూపించాడు. “ఇది నేర్చిన చెయ్యి. ఆ గంగామణిదే. సామాన్లు తెచ్చింది గూడ గాపిల్లనే. క్లాసుల అడిగితె ఒక్కడు నోరు విప్పలే. మీరు మంచిగ చెప్పబోతె వీళ్లు మిమ్ముల ఆగం చేసిండ్రు. మీకు ఈ బీడీల సంగతి ఏం ఎరుక?”

ఎరుక లేదన్నాను.

కాగితం రాసి పెట్టుకున్నాడు. ‘విద్యార్థిని గంగామణి నా అనుమతి లేకుండా పొగాకు తెచ్చి తోటివారికి బీడీలు చేయడం నేర్పినది.’ చదివాను. సంతకం పెట్టాను.

30-11-98

పెట్టక ఏం చేసేదాన్ని? కాస్త మందలించి వదిలేస్తాం అన్నాడు. పిల్లకు మందలింపు, నాకైతే మెమో. పిల్ల మర్చిపోతుంది. మెమో సర్వీసు రికార్డులో ఉంటుంది. ఇందులో తప్పేముంది?

అనుమతి లేకుండా అన్న ఒక్క మాట తీసేయమని అడగాల్సింది.

3-12-98

మోసం! మందలింపు కాదట. పదో తరగతి పరీక్షకు పంపే పేర్ల జాబితాలోంచి గంగామణి పేరు తీసేశాడు. జాబితా పన్నెండో తారీఖున పోతుంది. అందులో పేరు లేకపోతే మార్చిలో పరీక్ష లేదు. పరీక్ష లేకపోతే ఆ పిల్లను ఇంట్లో చాట ముందు కూర్చోబెడతారు, ఇక లేవదు. అడిగితే ఏమన్నాడు? “సారు రాంగనే చర్య తీసుకున్నట్టు కనవడాలె. నాకు ముందు పని ముఖ్యం.”

మనుషుల మీద శ్రద్ధ తొమ్మిది! ఆ చార్టు గీసినవాణ్ణి ఒకసారి మా బడికి తీసుకురావాలి.

నమ్మించి నాతో సంతకం పెట్టించాడు. నేనేదో చిన్నపిల్లనైనట్టు.

4-12-98

గంగామణి తల్లి లింగవ్వ వచ్చింది. పని మధ్యలో లేచి వచ్చినట్టుంది, చీర మీద తంబాకు పొడి ఉంది. హెడ్మాస్టర్ నన్నూ పిలిచాడు. ఆ ఒక్క బీడీని పొట్లంలోంచి తీసి ఆమె చేతిలో పెట్టాడు. “సూడు. గిది నీ బిడ్డ చేసింది. ఏమంటవ్?”

లింగవ్వ దాన్ని వెలుతురుకు తిప్పి చూసింది. వేలితో ఆకు అంచు తడిమింది. “ఇది మా పోరి చేసింది గాదు సార్” అంది.

“ఎట్ల జెప్తవ్?”

“ఇటు సూడుండ్రి. ఆకు ఎటు తిరిగింది? మేం గిటు తిప్పుతం, ఇది గటు తిరిగింది. ఇది ఎడమచేతి చుట్టు. మా ఇంట్ల ఎడమచెయ్యి ఎవ్వరికి లేదు.”

“నాకు బీడీల పాఠం చెప్పకు” అన్నాడు హెడ్మాస్టర్.

లింగవ్వ బిడ్డ వైపు తిరిగింది. “ఎవలు చేసిండ్రే? చెప్పు.”

గంగామణి ఒక్కసారి తలెత్తింది. నా మొహం వైపు కాదు, నా ఎడమచేతి వైపు చూసింది. మళ్లీ తల దించుకుంది.

“నేనే చేసిన” అంది.

5-12-98

‘నేనే చేసిన’ అంది.

6-12-98, ఆదివారం

ఈ డైరీ ఎవరూ చదవరు. అయినా ఇందులో కూడా అబద్ధం రాశాను. ఎవరిని మోసం చేయడానికి?

ఆ బీడీ నేను చేశాను.

నాది పుట్టుకతోనే ఎడమచేతి వాటం. రెండో తరగతిలో సారు ఎడమచేతి కణుపుల మీద బెత్తంతో కొట్టి కొట్టి కుడిచేత్తో రాయించాడు. అమ్మను మేం అవ్వ అంటాం. ఇంట్లో అవ్వ మాత్రం కొట్టలేదు. “నీకు ఏ చెయ్యి వస్తె ఆ చెయ్యితోనే చెయ్యి బిడ్డా, బీడీకేం తెల్సు” అనేది. అట్లా రాత కుడిచేతికీ, బీడీ ఎడమచేతికీ వచ్చాయి. డిగ్రీ అయ్యేదాకా అవ్వ పక్కన కూర్చుని చేశాను. పుస్తకం గోడకు ఆనించి పెట్టుకుని, చదువుతూ చేశాను. ఉద్యోగం వచ్చిన రోజున మానేశాను. పెళ్లిచూపుల్లో వ్యవసాయం అని చెప్పారు, నేను అవునన్నాను. మాకు గుంట భూమి లేదు. స్టాఫ్ రూములో ఎవరైనా బీడీల వాళ్ల గురించి చులకనగా మాట్లాడితే నేనూ నవ్వేదాన్ని. నవ్వడమే కాదు, ఒకటి రెండు మాటలు కలిపేదాన్ని కూడా.

ఆ శుక్రవారం కావాలనే చెడగొడదామనుకున్నాను. గంగామణి చేతులు వెనక్కి కట్టుకుని నిలబడింది. “టేక్ ద లీఫ్ మేడం. పుట్ టొబాకో. లిటిల్, లిటిల్” అంటోంది. ఎంత బాగా చెప్పిందో! ఆకు చేతికి తగలగానే నా చెయ్యి నా మాట వినలేదు. ఆ పిల్ల ఇంకా ‘రోల్’ అనే మాట దగ్గరే ఉంది. నా ఎడమచేతిలో బీడీ అయిపోయింది, మూతి కూడా ముడిచేశాను. క్లాసంతా చూసింది. గంగామణి ఒక్క క్షణం ఆగి, “వెరీ గుడ్ మేడం” అంది. నేను వాళ్లకు ఎట్లా అంటానో అట్లాగే అంది. నేను చేతులు తుడుచుకుని బయటికి వచ్చాను. వస్తూ వస్తూ ఆ బీడీని చాటలోనే వదిలేశాను.

నాకు రాదు అన్నాను. ఖాళీ లేని చోట ఖాళీ ఉందని చెప్పాను. అది గంగామణికి తెలుసు, క్లాసులో ప్రతి ఒక్కరికీ తెలుసు. పదిహేనేళ్ల పిల్ల నా గుట్టు దాయడానికి తన పరీక్ష వదులుకుంటోంది. నేనేమో హెడ్మాస్టర్ మోసం చేశాడని ఈ పేజీల్లో చిందులు తొక్కుతున్నాను. థూ.

పొద్దున మాక్లూర్ వెళ్లాను. అవ్వ చాట ముందే ఉంది. అంజవ్వ బిడ్డ వచ్చిందని పక్కింటివాళ్లు తొంగి చూశారు.

“అవ్వా, నాలుగు ఆకులు గావాలె. కొంచెం తంబాకు” అన్నాను.

“నీకెందుకు బిడ్డా?”

“ఒకలకు చేసి సూపియ్యాలె.”

అవ్వ చేతిలోని బీడీ పూర్తిచేసి దారం తెంపింది. “మీ ఆయనకు ఎరుకేనా?”

“ఇంకా తెలవదు.”

“అయితె ముందుగాల ఆయనకు చెప్పు. సార్లకు తర్వాత చెప్పొచ్చు” అంది. ఆకుల కట్టలోంచి మంచివి ఏరి ఇచ్చింది. ముందురోజు సాయంత్రం నానబెట్టాలి, పొద్దున నీళ్లు పిండి తడిగుడ్డలో చుట్టాలి. నాకు రాదన్నట్టు మొదటి నుంచీ చెప్పుకొచ్చింది, నేను బుద్ధిగా విన్నాను.

10-12-98

సాయంత్రం ఆకులు నానబెట్టాను. మా ఆయన ఆత్మారాం బోధన్ నుంచి వచ్చి వంటింట్లో గిన్నె చూశాడు. ఆయన చక్కెర ఫ్యాక్టరీ ల్యాబులో పనిచేస్తాడు, గిన్నెలో ఏమున్నా ముందు వాసన చూడటం అలవాటు.

“ఇదేంది రాధా?”

“తునికాకు. మా అవ్వ బీడీలు చేసి నన్ను చదివించింది. నేను గూడ చేసిన. పెళ్లప్పుడు చెప్పింది అబద్ధం.”

గిన్నె మీద మూత పెట్టాడు. తర్వాత, “మా అమ్మకు ఏం చెప్పాలె?” అన్నాడు.

“గిదే చెప్పు.”

“పదహారేండ్ల సంది నాకు గూడ చెప్పకపోతివి” అన్నాడు. అన్నం తినకుండా బయటికి వెళ్లి, గంటకు తిరిగి వచ్చాడు. మాట్లాడలేదు. ఆయన కోపం న్యాయమైనదే. నేను సర్దిచెప్పలేదు.

11-12-98, శుక్రవారం

డిప్యూటీ ఈవో గారు పదకొండింటికి వచ్చారు. హెడ్మాస్టర్ చార్టులు చూపించాడు, మెట్లు చూపించాడు, తనిఖీ కోసం కొన్న కొత్త కుండ చూపించాడు. ఆ తర్వాత ఫైలు తీసి, చర్య తీసుకున్నాను సార్ అని నా సంతకం ఉన్న కాగితం ముందు పెట్టాడు. సాక్ష్యంగా ఆ బీడీ పొట్లం కూడా. గంగామణిని, లింగవ్వను గుమ్మం దగ్గర నిలబెట్టాడు.

“సార్, ఆ కాగితం అబద్ధం. నేను సంతకం పెట్టిన మాట నిజం, రాసింది అబద్ధం” అన్నాను.

“మేడంకు ఒంట్ల బాగలేదు సార్” అన్నాడు హెడ్మాస్టర్.

నేను సంచి విప్పి తడిగుడ్డ తీశాను. కుర్చీలో కూర్చోలేదు, నేల మీద మఠం వేసుకుని కూర్చుని ఒళ్లో పేపరు పరుచుకున్నాను. ఆకు కత్తిరించాను. తంబాకు పోశాను. చుట్టి, మూతి ముడిచి, దారం కట్టి టేబులు మీద పెట్టాను.

“సార్, ఆ పొట్లంలున్నది దీని పక్కన పెట్టుండ్రి” అన్నాను. డిప్యూటీ ఈవో గారు పెట్టారు. రెండూ ఒకే వైపు తిరిగాయి. లింగవ్వ గుమ్మంలోంచి రెండడుగులు లోపలికి వచ్చి చూసింది.

“నేన్జెప్పలే? ఎడమచేతి చుట్టని!” అంది హెడ్మాస్టర్‌తో.

“సామాన్లు తెమ్మన్నది నేనే. నేర్పుమన్నది నేనే. ఇది చేసింది నేనే. ఆ పిల్ల చేతులు వెనక్కి కట్టుకుని ఇంగ్లీషుల చెప్పింది, అంతే. పదో తరగతిల అంత మంచిగ ఇంగ్లీషు మాట్లాడే పిల్ల మన మండలంల ఇంకొకతె ఉంటె చూపియ్యుండ్రి సార్” అన్నాను. నా గొంతు స్టాఫ్ రూముదాకా వినిపించిందట.

“మీరు ఈ పని ఎక్కడ నేర్చుకున్నారమ్మా?” అని అడిగారు డిప్యూటీ ఈవో గారు. జవాబు చెప్పబోతుంటే హెడ్మాస్టర్ అడ్డం వచ్చి, “మేడంవాళ్లది వ్యవసాయం సార్” అన్నాడు. పాపం, నా అబద్ధాన్ని నాకంటే గట్టిగా నమ్మినవాడు ఆయనొక్కడే.

12-12-98

జాబితా వెళ్లింది. పదో తరగతి బి, పద్దెనిమిదో పేరు గంగామణిది. నేనే వెళ్లి చూసుకున్నాను.

17-12-98

మెమో వచ్చింది. బడిలోకి పొగాకు తెప్పించినందుకు, తప్పుడు వాంగ్మూలం మీద సంతకం చేసినందుకు సంజాయిషీ ఇవ్వాలి. మొదటిదానికి రెండు పేజీలు రాశాను. వీళ్లే శిక్షణ ఇచ్చి పిల్లలకు నిజమైన పని ఇవ్వమంటారు, పిల్లల పని ఏమిటో తెలిశాక కళ్లు మూసుకోమంటారు. చాటను బడిలోంచి తీసేస్తే పిల్ల ఒళ్లోంచి పోతుందా? సర్క్యులర్ బడి గుమ్మం దగ్గరే ఎందుకు ఆగుతుంది? అన్నీ రాశాను. రెండోదానికి ఒక్క ముక్క, ‘నేను చేసింది తప్పు.’

ఆత్మారాం రెండూ చదివాడు. వారం తర్వాత నాతో అన్న మొదటి మాట, “మొదటిది జర తగ్గియ్యరాదు?” తగ్గించలేదు.

18-12-98, శుక్రవారం

మళ్లీ పదో తరగతి బి. ఏ పాఠం తీయాలో తోచలేదు. బోర్డు మీద తారీఖు వేస్తుంటే సుద్దముక్క కుడిచేతిలోంచి ఎడమచేతిలోకి మార్చుకున్నాను. అంకెలు కోడి గీకినట్టు వచ్చాయి. వెనక ఎవరూ నవ్వలేదు.

“మీరు నాకు ఒక పని నేర్పిండ్రు. అది నాకు ముందే వచ్చు. వచ్చుననే సంగతి మీకు దాచిన, అబద్ధమాడిన. ఇవాళ మీకు తెలవనిది నా దగ్గర ఉన్నది. ఏం అడుగుతరో అడుగుండ్రి” అన్నాను.

నాలుగో వరసలోంచి గంగామణి లేచింది. మాటలు ఒక్కొక్కటే కూర్చుకుంటున్నట్టు పెదవులు కదిలాయి. తెలుగులో అడగలేదు.

“మేడం, హూ టీచ్డ్ యూ?”

పంతొమ్మిదేళ్లలో నా క్లాసులో నన్ను ఒక పిల్ల ఇంగ్లీషులో అడిగిన మొదటి నిజమైన ప్రశ్న. దానికి జవాబు ఈ బడిలో ఇప్పటిదాకా నేను ఎవరికీ చెప్పలేదు. గట్టిగా చెప్పాను.

“మై మదర్ టీచ్డ్ మీ.”